కాలేయంలో కొవ్వు: స్కానింగ్ చెప్పేది, చెప్పనిది

రాయ్‌పూర్‌లోని డబ్ల్యూఆర్ఎస్ కాలనీ రైల్వే వ్యాగన్ల మరమ్మతు కర్మాగారాన్ని ఆనుకుని ఏర్పడిన కాలనీ. రైల్వే పనికి వచ్చి అక్కడే స్థిరపడిన తెలుగు కుటుంబాలు చాలా ఉన్నాయి. మీరు అక్కడివారైనా, మరో ఊరివారైనా, మీ ఇంట్లో ఎవరిదో ఒకరి కడుపు స్కానింగ్ రిపోర్టులో 'కాలేయం పెరిగింది, ఫ్యాటీ లివర్, గ్రేడ్ 1' అన్న మాటలు చూసే ఉంటారు. అది చూసి ఒకరు "తాగుడు మానెయ్" అంటారు. ఇంకొకరు "నెయ్యి మానెయ్" అంటారు. నొప్పి లేదు కదా అని రిపోర్టును బీరువాలో పెట్టేసేవారే ఎక్కువ. ఈ ముగ్గురూ అసలు ప్రశ్న అడగడం లేదు. ఆ ప్రశ్న ఏమిటో చూద్దాం.

కాలేయం కుడివైపు పక్కటెముకల కింద ఉండే, సుమారు కిలోన్నర బరువున్న అవయవం. కొవ్వును నిలవ చేయడం దాని పని కాదు. కాలేయంలో కొవ్వు 5 శాతం దాటితే ఫ్యాటీ లివర్ అంటాం. ఆ కొవ్వు ఎక్కడి నుంచి వస్తుంది? 2005లో అమెరికాలో తొమ్మిది మంది రోగులపై చేసిన ఒక పరిశీలనలో తేలినది గమనించండి. కాలేయంలోని కొవ్వులో దాదాపు 59 శాతం శరీరంలోని కొవ్వు నిలవల నుంచి రక్తం ద్వారా వచ్చింది. 26 శాతాన్ని కాలేయమే, ముఖ్యంగా పిండిపదార్థాలు, చక్కెరల నుంచి, తయారు చేసుకుంది. తిన్న కొవ్వు నుంచి నేరుగా వచ్చింది 15 శాతమే. పాపం, నెయ్యి మీద పడ్డ నింద కొంత ఎక్కువే!

దీని వెనుక ఉన్నది ఇన్సులిన్. మామూలుగా ఇన్సులిన్ కొవ్వు కణాలకు 'నిలవను బయటికి వదలకండి' అని చెబుతుంది. పొట్ట చుట్టూ కొవ్వు పేరుకున్నవారిలో కణాలు ఆ మాట వినవు. కొవ్వు ఆమ్లాలు రక్తంలోకి కారి కాలేయానికి చేరతాయి. మాట వినిపించడానికి శరీరం మరింత ఇన్సులిన్ తయారు చేస్తుంది. ఆ ఇన్సులిన్ ఒత్తిడితో కాలేయం చక్కెరను కొవ్వుగా మార్చడం పెంచుతుంది. అంటే రెండు వైపుల నుంచీ రాబడే. రెండు పూటలా పళ్లెం నిండా అన్నం, మధ్యలో నాలుగైదు చక్కెర టీలు, రోజంతా కూర్చుని చేసే పని... ఇంతకంటే ఏమీ అక్కర్లేదు. హైదరాబాద్‌లో 345 మంది ఐటీ ఉద్యోగులను పరీక్షించి 2025లో ప్రచురించిన అధ్యయనంలో 84 శాతం మందికి ఈ స్థితి కనిపించింది. వర్క్‌షాపులో సుత్తి పట్టినవారికి కొంత రక్షణ ఉండవచ్చు. పదవీ విరమణ చేసి కుర్చీకి చేరాక, తిండి మాత్రం పాతదే అయితే, ఆ రక్షణ పోతుంది.

సన్నగా ఉన్నానని ధీమా పడకండి. మన దేశంలో మగవారికి నడుము 90, ఆడవారికి 80 సెంటీమీటర్లు దాటితేనే హెచ్చరిక.

మద్యం విషయం వేరుగా చెప్పాలి. సీసాలో కొన్నదైనా, ఛత్తీస్‌గఢ్‌లో మహువా అనే మన ఇప్పసారా అయినా కాలేయానికి తేడా లేదు. స్టెరాయిడ్లు, టామాక్సిఫెన్, మెథోట్రెక్సేట్ వంటి మందులు, థైరాయిడ్ లోపం కూడా కారణాలే. వింతేమిటంటే, తీవ్రమైన పోషకాహార లోపంతో ఒళ్లు వాచిన పిల్లల కాలేయంలోనూ కొవ్వు పేరుకుంటుంది.

పెరిగిన ప్రతి కాలేయమూ కొవ్వుదే కాదు. ఛత్తీస్‌గఢ్‌లో ఈ మాట మరీ ముఖ్యం. మలేరియా, సికిల్ సెల్ వ్యాధి, హెపటైటిస్ బి, సి, గుండె వైఫల్యం కూడా కాలేయాన్ని పెంచుతాయి. జ్వరం, కామెర్లు, రక్తహీనత, పెరిగిన ప్లీహం ఉంటే కొవ్వు మీదికి నెట్టేసి ఊరుకోకూడదు.

ఇక నిర్ధారణ. అల్ట్రాసౌండ్‌లో కొవ్వు పట్టిన కాలేయం పక్కనున్న మూత్రపిండం కంటే తెల్లగా మెరుస్తుంది. ఆ మెరుపును బట్టే గ్రేడ్ వేస్తారు. కొవ్వు 20 శాతం కంటే తక్కువుంటే ఈ పరీక్షకు తరచు దొరకదు. అంతకంటే పెద్ద లోపం ఒకటుంది: గ్రేడ్ చెప్పేది కొవ్వు ఎంతుందనే. కాలేయం వాచి, మానిన పుండులా లోపల మచ్చ కడుతోందా లేదా అన్నది చెప్పదు. ఆ మచ్చ కట్టడాన్నే ఫైబ్రోసిస్ అంటారు. అది ముదిరితే సిర్రోసిస్. ప్రాణానికి ముప్పు తెచ్చేది కొవ్వు కంటే ఈ మచ్చే. 'ఎంత కొవ్వు?' కాదు, 'మచ్చ ఉందా?' అన్నదే మనం అడగాల్సిన ప్రశ్న. ఎస్‌జీపీటీ మామూలుగా ఉన్నంత మాత్రాన మచ్చ లేదని చెప్పలేం.

దీనికి ఖర్చులేని లెక్క ఒకటుంది. పేరు ఫిబ్-4. వయసును ఎస్‌జీఓటీతో గుణించండి. ప్లేట్‌లెట్లను వేలల్లో తీసుకుని, ఎస్‌జీపీటీ వర్గమూలంతో గుణించండి. మొదటిదాన్ని రెండోదానితో భాగించండి. ఉదాహరణకు వయసు 48, ఎస్‌జీఓటీ 52, ఎస్‌జీపీటీ 64, ప్లేట్‌లెట్లు 2 లక్షల 10 వేలు అనుకుందాం. 48ని 52తో గుణిస్తే 2496. 64 వర్గమూలం 8, దాన్ని 210తో గుణిస్తే 1680. జవాబు సుమారు 1.49. ఇది 1.3 కంటే తక్కువైతే ముదిరిన మచ్చ ఉండే అవకాశం తక్కువ. 2.67 దాటితే కాలేయ నిపుణుణ్ణి చూడాల్సిందే. మధ్యలో ఉంటే కాలేయం గట్టిదనాన్ని కొలిచే ఎలాస్టోగ్రఫీ, అంటే ఫైబ్రోస్కాన్, చేయించాలి. ఆ కొలత 8 కిలోపాస్కల్‌ల లోపుంటే చాలావరకు నిశ్చింత. అప్పటికీ సందేహం తీరకపోతే సూదితో ముక్క తీసి చూడడం, అంటే బయాప్సీ.

అదే మనిషికి ప్లేట్‌లెట్లు 1 లక్షా 20 వేలే ఉంటే జవాబు 2.6 అవుతుంది. మిగతా అంకెలు ఒక్కటీ మారలేదు, చూశారా! అయితే 35 ఏళ్ల లోపువారికి ఈ లెక్క నమ్మదగింది కాదు. 65 దాటినవారికి 1.3కు బదులు 2 హద్దుగా తీసుకుంటారు. డెంగీ వంటి జ్వరంలో ప్లేట్‌లెట్లు పడిపోయినప్పుడూ లెక్క తప్పుతుంది, జ్వరం తగ్గాక చేయండి. మధుమేహం ఉన్నవారు ఏడాదికో రెండేళ్లకో మళ్లీ లెక్కించుకోవాలి. కాబట్టి బీరువాలోని పాత రిపోర్టులు పారేయకండి, డాక్టరు దగ్గరికి వెళ్లేటప్పుడు అన్నీ తీసుకెళ్లండి.