బొగ్గుట్ట నుంచి సత్తుపల్లి దాకా

సత్తుపల్లి పక్కన జేవీఆర్ ఓపెన్‌కాస్ట్ గనిలో తవ్వకం అయిపోయాక ఆ గొయ్యి ఏమవుతుంది? పొరుగున ఉన్న వేంసూరు మండలంలో మామిడి తోటలు, వరి, ఆయిల్ పామ్ పెంచుకుంటున్న రైతులకు ఈ ప్రశ్న దూరపుది కాదు. ఆ గనికి పెట్టిన పేరు కూడా వేంసూరుకు దగ్గరి మనిషిదే. 1973 డిసెంబరు నుంచి 1978 మార్చి వరకు ఉమ్మడి రాష్ట్ర ముఖ్యమంత్రిగా చేసిన జలగం వెంగళరావు 1962 నుంచి ఎన్నికవుతూ వచ్చింది వేంసూరు నియోజకవర్గం నుంచే. ఆ నియోజకవర్గం 1978లో సత్తుపల్లిగా మారింది. ఊరిని నియోజకవర్గంగా గుర్తుంచుకున్నవాళ్లు ఇంకా ఉన్నారు. ఇప్పుడు బొగ్గు ప్రాంతానికి పొరుగు ఊరిగా ఎలా బతకాలో నేర్చుకోవాల్సి వస్తోంది. అది నేర్చుకోవడానికి మనకు ఇక్కడి బొగ్గు తవ్వకం మొదలైన ఇల్లెందు కంటే మంచి ఉదాహరణ లేదు.

ముందు భూమి సంగతి. సుమారు 25 నుంచి 30 కోట్ల ఏళ్ల కిందట మన నేల ఆఫ్రికా, ఆస్ట్రేలియా, అంటార్కిటికాలతో కలిసి ఒకే పెద్ద ఖండంగా ఉండేది. ఇప్పటి ప్రాణహిత, గోదావరి పారే దారి పొడవునా నేల రెండు వైపులా చీలి, మధ్య భాగం మెల్లగా కుంగింది. ఆ పల్లంలోకి నదులు ఇసుక, ఒండ్రు మోసుకొచ్చాయి. మధ్యమధ్య బురద నేలలు ఏర్పడి, గ్లోసోప్టెరిస్ అనే నాలుకలాంటి ఆకుల చెట్లు దట్టంగా పెరిగాయి. అవి నీళ్లలో పడి, గాలి తగలక, పూర్తిగా కుళ్లకుండా పేరుకున్నాయి. వాటి మీద మళ్లీ ఇసుక, మళ్లీ చెట్లు. పై బరువుకు, లోపలి వేడికి ఆ చెట్లే బొగ్గు పొరలయ్యాయి. అందుకే ఇక్కడ బొగ్గు ఒంటరిగా దొరకదు, ఇసుకరాతి పొరల మధ్యే ఉంటుంది. ఆ ఇసుకరాయిని తీయడానికయ్యే ఖర్చే గని బతుకును తేలుస్తుంది.

ఇక్కడి బొగ్గు తవ్వే సింగరేణి కంపెనీ లెక్కలో ఈ ప్రాణహిత-గోదావరి లోయ పొడవు సుమారు 350 కిలోమీటర్లు. బెల్లంపల్లి, రామగుండం, భూపాలపల్లి, మణుగూరు, కొత్తగూడెం అన్నీ దీని వెంట పుట్టిన పట్టణాలే. పటం మీద వాటిని కలుపుతూ గీత గీస్తే వాయవ్యం నుంచి ఆగ్నేయానికి వస్తుంది. ఆ గీత సత్తుపల్లి దగ్గర ఆగదు, సరిహద్దు దాటి ఆంధ్రప్రదేశ్‌లోని చింతలపూడి వైపు సాగుతుంది. కాకపోతే అటు బొగ్గు బాగా లోతుకు దిగిపోయింది. సత్తుపల్లి దగ్గర పొరలు పైపైనే ఉండబట్టి ఇక్కడ ఓపెన్‌కాస్ట్ సాధ్యమైంది.

ఇల్లెందుది వేరే స్థితి. ప్రధాన లోయ నుంచి విడిపోయి, పాత గట్టి రాళ్ల మధ్య చిక్కుకున్న చిన్న బొగ్గు ముక్క అది. చిన్నదే అయినా పొర పైకి తేలి కనిపించింది కాబట్టి చరిత్ర అక్కడే మొదలైంది. భద్రాచలం వెళ్లే యాత్రికులు వంటకు మూడు నల్లరాళ్లు పొయ్యిగా పెట్టుకుంటే ఆ రాళ్లే అంటుకున్నాయని ఆ ప్రాంతంలో తరతరాలుగా చెప్పుకుంటారు. రికార్డులో ఉన్నది మాత్రం 1871లో జియలాజికల్ సర్వే ఆఫ్ ఇండియాకు చెందిన డాక్టర్ విలియం కింగ్ ఇక్కడ బొగ్గును గుర్తించడం. అక్కడ మొదట తవ్విన పొరకు కింగ్ సీమ్ అని ఆయన పేరే నిలిచింది.

1886లో హైదరాబాద్ (దక్కన్) కంపెనీ ఇంగ్లండ్‌లో ఏర్పడి నిజాం రాజ్యంలో తవ్వకం హక్కులు సంపాదించింది. ఆ హక్కుల వ్యవహారంలో జరిగిన అక్రమాల గురించి 1888లో బ్రిటిష్ పార్లమెంటు కమిటీ విచారించాల్సి వచ్చింది. మన మట్టి కింది సంపద మీద మొదటి పెద్ద చర్చ లండన్‌లో నడిచింది, ఇల్లెందు అడవిలో ఉన్న కోయలను ఎవరూ ఏమీ అడగలేదు. ఈ మాట చరిత్ర పుస్తకాల్లో ఒక వాక్యంగా పోతుంది గానీ, నాకది ఈ కథలో అన్నిటికంటే బాధగా అనిపించే చోటు.

1889లో తవ్వకం మొదలైంది. బొగ్గును ఎడ్లబండ్ల మీద పంపితే లాభం లేదు కాబట్టి డోర్నకల్ నుంచి రైలు వేశారు. అడవి మధ్య బావులు, వాటి చుట్టూ కార్మికుల వాడలు, బజారు, ఆస్పత్రి వచ్చాయి. ఆ ఊరికి జనం బొగ్గుట్ట అని పేరు పెట్టుకున్నారు. గనిని బావి అనడం సింగరేణి మాట. ఏటవాలు దారిలో దిగేవాటిని ఇంక్లైన్లు అన్నారు. లోపల పొరను గళ్లుగళ్లుగా తొలుస్తూ, పైకప్పు కూలకుండా మధ్యలో బొగ్గు స్తంభాలు వదిలేవారు. ఒకరు రంధ్రం వేసి మందు పేల్చితే, కోల్ ఫిల్లర్లు తట్టలతో టబ్బులు నింపేవారు. ఒక్కో షిఫ్టుకు వందల చేతులు కావాల్సి వచ్చేది. ఆ వందల జీతాల మీదే ఊరు బతికింది.

1920 డిసెంబరు 23న సింగరేణి కాలరీస్ కంపెనీ ఏర్పడింది. 1945లో నిజాం ప్రభుత్వం మెజారిటీ వాటాలు కొంది. ఇప్పుడు తెలంగాణ వాటా 51 శాతం, కేంద్రానిది 49 శాతం. కంపెనీకి పేరిచ్చిన సింగరేణి గ్రామం కారేపల్లి దగ్గర, ఖమ్మం జిల్లాలోనే ఉంది. 2016లో జిల్లాలు విడిపోయినప్పుడు ఇల్లెందు మాత్రం భద్రాద్రి కొత్తగూడెంలోకి వెళ్లింది. అంతకు చాలా ముందే పెద్ద మలుపు వచ్చింది. 1937లో కొత్తగూడెంలో తవ్వకం మొదలై, పెత్తనమంతా మెల్లగా అటు చేరింది, ప్రధాన కార్యాలయంతో సహా. ఇల్లెందులో భూగర్భ గనులు ఒకటొకటిగా మూతపడ్డాయి, ఓపెన్‌కాస్ట్‌లు మిగిలాయి.

భూగర్భ గనికీ ఓపెన్‌కాస్ట్‌కూ ఉన్న తేడా వేంసూరు వాళ్లు బాగా అర్థం చేసుకోవాలి. ఓపెన్‌కాస్ట్‌లో బొగ్గు మీది మట్టి, రాయి అంతా పేల్చి, షావెళ్లతో ఎత్తి, డంపర్లతో మోసి పక్కన పోస్తారు. దాన్ని ఓబీ అంటారు. అవే పచ్చని పొలాల వెనక లేచే కొత్త గుట్టలు. ఈ పనికి యంత్రాలు ఎక్కువ, మనుషులు తక్కువ. ఓబీ తీసే పని చాలావరకు కాంట్రాక్టర్లది. కాబట్టి ఇల్లెందులో బావి ఊరిని పోషించినట్టు సత్తుపల్లి గని చుట్టుపక్కల ఊళ్లను పోషించదు. బ్లాస్టింగ్ అదురు, దుమ్ము, లారీలు మాత్రం ఊళ్లదాకా వస్తాయి. గనికి దగ్గరి కాలనీల్లో గోడల పగుళ్ల గురించి జనం ఎప్పటినుంచో మొత్తుకుంటున్నారు. 2022లో భద్రాచలం రోడ్ స్టేషన్ నుంచి సత్తుపల్లికి సుమారు 54 కిలోమీటర్ల రైలు మార్గం సిద్ధమై, బొగ్గు రైలెక్కింది. రోడ్ల మీద భారం తగ్గించే దారి ఇదే.

మరి ఊళ్లకు వచ్చేదేమిటి? బొగ్గు ధరలో 14 శాతం రాయల్టీగా ప్రభుత్వానికి వెళుతుంది. 2015 నాటి చట్ట సవరణ ప్రకారం, పాత లీజులైతే ఆ రాయల్టీలో మరో 30 శాతానికి సమానమైన సొమ్మును గని యజమాని జిల్లా ఖనిజ నిధికి కట్టాలి. అంటే వంద రూపాయల బొగ్గుకు 14 రూపాయల రాయల్టీ, దాని మీద 4 రూపాయల 20 పైసలు ఈ నిధికి. తాగునీరు, వైద్యం, చదువు, పర్యావరణం లాంటి వాటి మీద గని ప్రభావిత గ్రామాల్లో ఖర్చు పెట్టడానికే ఇది పుట్టింది. 2024 నాటి కేంద్ర మార్గదర్శకాలు గని నుంచి 15 కిలోమీటర్ల లోపు ప్రాంతాన్ని నేరుగా ప్రభావితమైనదిగా లెక్కిస్తాయి. వేంసూరు మండలంలో ఏయే ఊళ్లు ఆ వలయంలో పడతాయో పటం ముందు పెట్టుకుని కొలవాలి. ఆ జాబితాలో పేరు ఉండటం, లేకపోవడం చిన్న విషయం కాదు.

ఇక మొదట అడిగిన ఆ గొయ్యి సంగతి. తూర్పు జర్మనీలో జెన్‌ఫ్టెన్‌బెర్గ్ అనే చిన్న గని పట్టణం ఉంది. మన నైవేలిలో దొరికే లిగ్నైట్ లాంటిది అక్కడ తవ్వేవారు. పని ముగిసిన ఓపెన్‌కాస్ట్ గనిని 1967 నుంచి 1972 దాకా నీళ్లతో నింపి పెద్ద చెరువుగా మార్చారు. జనం ఈతకు, పడవలకు వెళ్లేవారు. అన్నేళ్ల తర్వాత, 2018లో, చెరువులోని దీవి ఒడ్డు జారడంతో అందులోకి జనాన్ని దిగనివ్వకుండా ఆపేశారు. తవ్వి పోసిన వదులు మట్టి నీటిలో నాని, దశాబ్దాల తర్వాత కూడా కదలగలదు. గొయ్యిని చెరువు చేస్తామనగానే సరిపోదని, దాని ఒడ్లను ఎంత వాలుగా, ఎంత గట్టిగా చేస్తారన్నదే అసలు ప్రశ్న అని ఆ ఊరి అనుభవం చెబుతోంది.

మన దగ్గర బొగ్గు మంత్రిత్వ శాఖ 2009లోనే గని మూసివేత ప్రణాళిక తప్పనిసరి చేసింది. తవ్వుతూనే కొంత, తవ్వకం ముగిశాక మిగతాది బాగుచేయాలి. అందుకోసం ఏటా కొంత సొమ్ము, కంపెనీ తన ఇష్టానికి తీసుకోలేని ఎస్క్రో ఖాతాలో జమ చేయాలి. చివరికి ఎంత లోతు గొయ్యి మిగులుతుంది, ఎంత ఓబీని తిరిగి అందులో పోస్తారు, గుట్టల మీద ఏ మొక్కలు పెడతారు అన్నీ అందులో రాసి ఉండాలి. పర్యావరణ అనుమతి షరతుల అమలు మీద కంపెనీ ఆరు నెలలకోసారి నివేదిక ఇవ్వాలి. సింగరేణి ప్రభుత్వ సంస్థ కాబట్టి సమాచార హక్కు చట్టం కింద ఈ కాగితాలు అడగవచ్చు. జేవీఆర్ గనుల మూసివేత ప్రణాళిక, అందులో వాననీరు పారే దారులు చూపిన పటం, ఖనిజ నిధి ఖర్చుల జాబితా: ఈ మూడింటితో గ్రామసభలో కూర్చుంటే చర్చ సరైన చోట మొదలవుతుంది.