అశోక్‌నగర్ గదిలో ఏథెన్స్ సూపు!

పొద్దున లైబ్రరీ, మధ్యాహ్నం కోచింగ్, రాత్రి మళ్లీ పుస్తకాలు. మధ్యలో తిండి? ఏది దొరికితే అది! పోటీపరీక్షల కోసం ఊరు వదిలొచ్చిన వాళ్ల గదుల్లో ఇది మామూలే. అలాంటి వాళ్లకోసమే ఈ మధ్యధరా వంటకం... ఒక్క కుక్కర్, గుప్పెడు పప్పు ఉంటే చాలు.

చిక్కడపల్లి సిటీ సెంట్రల్ లైబ్రరీ నుంచి అశోక్‌నగర్ సందుల్లోకి సాయంత్రం పూట నడిస్తే కనిపించేవి రెండే. ఒకటి కరెంట్ అఫైర్స్ పుస్తకాలు, రెండోది బజ్జీల బండ్లు. గదికి ముగ్గురో నలుగురో సర్దుకుని గ్రూప్స్‌కి చదువుకునే పిల్లలకి ఇంటి నుంచి వచ్చే డబ్బులో అద్దె తగ్గించలేరు, ఫీజు తగ్గించలేరు. కోత పడేది తిండిమీదే. రాత్రికి అన్నం, పచ్చడితో సరి! నెలల తరబడి అలా గడిపితే తీరా పరీక్షల ముందు నీరసం ముంచుకొస్తుంది.

హెర్క్యులిస్ మెచ్చిన రుచి

కాయధాన్యాలతో కాచే చిక్కటి సూపుని ప్రాచీన గ్రీకులు 'ఎత్నోస్' అనేవారు. క్రీస్తుపూర్వం 405లో ఏథెన్స్‌లో ప్రదర్శించిన అరిస్టోఫేనస్ హాస్యనాటకం 'కప్పలు'లో మహావీరుడు హెర్క్యులిస్ దీనికోసం పడిచచ్చిపోతాడు! నేటికీ గ్రీసులో బఠాణీ పప్పుని మెత్తగా ఉడికించి, పచ్చి ఉల్లిపాయ, నిమ్మరసం, ఆలివ్ నూనెతో 'ఫావా' పేరుతో తింటారు. మొరాకోలో దీని చుట్టం 'బిస్సారా'. జీలకర్ర పొడి చల్లి, చలికాలం పొద్దున్నే వేడివేడిగా తాగుతారు. అక్కడా ఇది సామాన్యుల తిండే.

శెనగపప్పు కాదు సుమా!

నారాయణగూడ, చిక్కడపల్లి కిరాణా కొట్లలో బఠాణీ పప్పు అనో, మటర్ దాల్ అనో అడగండి. పసుపురంగుది చూడటానికి శెనగపప్పులాగే ఉంటుంది కానీ ఇంకాస్త నున్నగా, గుండ్రంగా ఉంటుంది. పసుపు బఠాణీలు మనకి ఎక్కువగా కెనడా, రష్యాల నుంచి వస్తాయి. 2023 డిసెంబరులో కేంద్రం సుంకం ఎత్తేశాక దిగుమతులు బాగా పెరిగాయి. మామూలుగా కందిపప్పు కంటే చవక. పోషకాల్లో మాత్రం తీసిపోదు. 100 గ్రాముల పప్పులో దాదాపు 23 గ్రాముల మాంసకృత్తులు, 20 గ్రాములకు పైగా పీచు ఉంటాయి.

కావలసినవి (ముగ్గురికి)

బఠాణీ పప్పు: 200 గ్రా., ఉల్లిపాయలు: 2, క్యారెట్: 1, వెల్లుల్లి: 4 రెబ్బలు, బిర్యానీ ఆకు: 1, జీలకర్ర పొడి: చెంచా, నిమ్మకాయ: 1, ఆలివ్ నూనె: 3 చెంచాలు, మిరియాల పొడి, ఉప్పు: తగినంత, నీళ్లు: లీటరు.

తయారుచేసే విధానం

పప్పు కడిగి గంటసేపు నానబెట్టాలి. కుక్కర్‌లో చెంచా నూనె వేసి, ఒక ఉల్లిపాయ తరుగు, క్యారెట్ ముక్కలు, వెల్లుల్లి మగ్గనివ్వాలి. ఉల్లిపాయ ఎర్రబడక్కర్లేదు, మెత్తబడితే చాలు. పప్పు, బిర్యానీ ఆకు, నీళ్లు వేసి నాలుగైదు విజిల్స్ రానివ్వాలి. ఆవిరి పూర్తిగా పోయాక మూత తీసి, ఆకు తీసేసి, పప్పుగుత్తితో మెదపాలి. ఉప్పు, జీలకర్ర పొడి, మిరియాల పొడి కలిపి ఐదు నిమిషాలు సన్నమంట మీద ఉంచి దించాలి. గిన్నెల్లో పోశాక పైన మిగిలిన ఆలివ్ నూనె, నిమ్మరసం, పచ్చి ఉల్లిపాయ ముక్కలు వేసుకోవాలి.

ఇవి మరవొద్దు

* ఈ పప్పు బాగా నురగ కడుతుంది. నురగ పైకొచ్చి విజిల్ రంధ్రానికి అడ్డుపడితే ప్రమాదం. కుక్కర్ సగానికి మించి నింపొద్దు. చిన్న కుక్కరైతే రెండుసార్లుగా వండుకోండి.

* ఎంతకీ ఉడకడం లేదా? పప్పు పాతదై ఉండాలి, లేదా బోరునీళ్లు పోసి ఉండాలి. ఉప్పునీటిలోని కాల్షియం పప్పుని మెత్తబడనివ్వదు. తాగేనీళ్లతో వండండి.

* పులుపు కూడా అంతే. నిమ్మరసం పప్పు ఉడికాకే.

* ఆలివ్ నూనె చిన్న సీసా చాలు. మగ్గించడానికి మామూలు నూనె వాడి, దీన్ని చివర్లో పైన వేసుకుంటే పొదుపు. అసలు రుచీ అక్కడే తెలుస్తుంది.

* చల్లారితే ముద్దలా గట్టిపడుతుంది. పారేయకండి! అలా గట్టిపడ్డదాన్నే గ్రీకులు రొట్టెకి రాసుకు తింటారు. సాయంత్రం వీధిలో వేడివేడిగా కాల్చి అమ్మే జొన్నరొట్టె రెండు తెచ్చుకుంటే ఆ రాత్రికి భోజనం అయిపోయినట్టే!