మన నల్లమల వయసెంత?

ప్రపంచంలో పెద్ద కొండలేవని పిల్లలడిగితే హిమాలయాలని చెప్పేస్తాం. ఎత్తుకు అవే పెద్ద, ఎవరెస్టు 8,849 మీటర్లు. పొడవుకైతే దక్షిణ అమెరికాలోని ఆండీస్, సుమారు 7,000 కిలోమీటర్లు. మరి వయసుకో? నంద్యాల మేడెక్కి తూర్పుకు చూడండి. ఆ కనిపించే నల్లమల రాళ్లు నూరు కోట్ల ఏళ్లకు పైబడినవి! హిమాలయాలు లేవడం మొదలై అయిదు కోట్ల ఏళ్లే. ఇంకా పెరుగుతూనే ఉన్నాయి, ఎదిగే పిల్లల్లాగా.

ఆళ్లగడ్డ మీదుగా అహోబిలం వెళ్లినప్పుడు స్వామి దర్శనం అయ్యాక ఆ కొండచరియల్ని కూడా ఒకసారి చూడండి. దోసెలు పేర్చినట్టు పొరలు పొరలుగా ఉంటాయి. ఒకప్పుడు సముద్రం అడుగున పేరుకున్న ఇసుకే అలా బిగిసి రాయయింది. తర్వాత నేల ముడతలుపడి కొండలుగా లేచింది. వానా గాలీ అరగదీయగా, ఇప్పుడు ఎత్తైన శిఖరాలు కూడా 900 మీటర్లు దాటి కొంచెమే.

పొట్టివని చిన్నచూపు చూడకండి. మహానంది కోనేట్లోకి ఎండాకాలంలోనూ నీరెక్కడిదంటారు? కొండ మీద కురిసిన వాన రాతి పగుళ్లలోకి మెల్లగా ఇంకి, అడుగున ఊటగా పైకొస్తుంది. అక్కడి అరటితోటలకూ ఆ నీరే. వాన ఇంకాలంటే కాసేపు నిలవాలి కదా! నిలిపేది పైనున్న అడవే. చెట్లు కొట్టేసిన చోట వాన, బోర్లించిన గిన్నె మీద పోసిన నీళ్లలా జారిపోతుంది.