తాబేలుకు ఎండ ఎక్కడ దొరుకుతుంది?

వన్ టౌన్‌లో బురుజుపేట కనకమహాలక్ష్మి అమ్మవారికి గుడి ఉంది గాని నెత్తిన కప్పు లేదు. ఎండా వానా ఆ తల్లి మీదనే. కప్పు వద్దన్నది అమ్మవారేనని భక్తుల నమ్మకం. ఆ చుట్టుపక్కల ఇరుకు సందుల్లో మాత్రం కప్పుకు కప్పు ఆనుకొని ఉంటుంది. మిట్టమధ్యాహ్నం కాసేపు తప్ప సూర్యుడు పెరట్లోకి తొంగిచూడడు. అలాంటి ఇంట్లో గాజుతొట్టె పెట్టి, అందులో ఎడారి తాబేలును పెంచాలని ముచ్చటపడేవారున్నారు.

"విశాఖలో వేడికేం కొదవ?" అంటారు కాబోలు మీరు. నిజమే, జనవరి తెల్లవారుజామున కూడా ఇక్కడ పెద్దగా వణుకు పుట్టదు. చిక్కంతా వెలుతురుతోనే. మన ఒంట్లో పొయ్యి ఉంది. తిన్న అన్నమే దానికి కట్టె. తాబేలుకూ బల్లికీ అది లేదు. ఎండలో కాగితేనే వాటికి మేత అరుగుతుంది. మరీ కాగితే నీడకు పోతాయి. అందుకే తొట్టెలో ఒక కొసన 35 డిగ్రీల పైచిలుకు వేడి, రెండో కొసన 27 డిగ్రీల చల్లదనం ఉండాలి. ఎక్కడ ఉండాలో అదే నిర్ణయించుకుంటుంది. తొట్టె అంతా ఒకే వేడిగా ఉంటే పాపం, పోయేందుకు చోటేదీ? మే నెలలో చిన్న తొట్టెపై బల్బు వేసి మరచిపోతే ప్రాణమే పోతుంది సుమండీ.

ఇక వెలుతురు. ఎండలో కంటికి కనబడని అతినీలలోహిత కిరణాలున్నాయి. వాటిలో సుమారు 290 నుంచి 315 నానోమీటర్ల పాలు ఒంటికి తగిలితేనే చర్మంలో 'డి' విటమిన్ తయారవుతుంది. అది లేనిదే తిన్న సున్నం ఎముకకు పట్టదు. డొప్ప మెత్తబడుతుంది, కాళ్లు వంకరపోతాయి. కిటికీ దగ్గర పెట్టాం కదా అని నిశ్చింతగా ఉండేవారికి ఒక మాట: మామూలు గాజు ఆ కిరణాలను దాదాపు పూర్తిగా ఆపేస్తుంది. మామూలు బల్బు వేడినిస్తుంది, మామూలు ట్యూబులైటు వెలుగునిస్తుంది. ఆ కిరణం రెండింటిలోనూ లేదు. దానికి వేరే దీపం కొనాలి. ఆ దీపమూ టక్కరిదే. చాలా రకాల్లో ఆరునెలలకో ఏడాదికో కిరణాలు సన్నగిల్లుతాయి, వెలుగు మాత్రం కొత్తదానిలాగే ఉంటుంది! పగలు పన్నెండు గంటలు వెలిగించి, రాత్రి చీకటి చేయాలి.

ఏ తాబేలన్నదీ ముఖ్యమే. మన మెట్టల్లో, ముళ్లపొదల్లో తిరిగే నక్షత్ర తాబేలును ఇంట్లో ఉంచుకోవడం 1972 నాటి వన్యప్రాణి చట్టం ప్రకారం నేరం. 2019లో దాని అంతర్జాతీయ వ్యాపారాన్నీ నిషేధించారు. అదృష్టం కలిసివస్తుందని తెచ్చుకున్నవారు అటవీశాఖకు అప్పగించాలి. కంబాలకొండలో వదిలేసి చేతులు దులుపుకోకూడదు. శ్రీకాకుళం దాపున శ్రీకూర్మంలో కూర్మనాథుని ఆలయ ఆవరణలో ఈ తాబేళ్లను పెంచారు. అక్కడంటే ఆరుబయలు ఆవరణ, అది వేరే సంగతి.

సహారా దక్షిణపుటంచున పుట్టే సుల్కాటా తాబేలు సంగతి వేరు. ప్రభుత్వం వద్ద నమోదు చేయించి పెంచుకోవచ్చు. పిల్లగా ఉన్నప్పుడు అరచేతిలో ఇముడుతుంది. పెద్దదైతే నలభై కిలోలు దాటవచ్చు, పైగా నేల తవ్వి బొరియలు చేస్తుంది. అప్పుడు గాజుతొట్టె ఏ మూలకూ చాలదు. దానికి ఎండపడే పెరడు కావాలి. కొనే ముందు మిట్టమధ్యాహ్నం పెరట్లోకి వెళ్లి, నేలమీద ఎండ ఎంతసేపు నిలుస్తుందో గడియారం పెట్టి చూసుకోండి.