రోడ్డు ప్రమాదంలో ఇంటి మనిషిని పోగొట్టుకున్నారా? పరిహారం మీ హక్కు

ప్రమాదం జరిగిన రాత్రి ఆసుపత్రి వరండాలో కూర్చున్నవారికి కాగితాలు, లెక్కలు పట్టవు. అది సహజమే. కాని ఆ రెండు మూడు రోజుల్లో తెలియక చేసే పొరపాట్లు తర్వాత పిల్లల చదువుల మీద, ముసలివాళ్ల మందుల మీద పడతాయి. అందుకే ఈ నాలుగు మాటలు. ఇప్పుడు మీరు చదవలేకపోతే మీ ఇంట్లో నిబ్బరంగా ఉన్న ఒకరి చేతికి ఈ పుస్తకం ఇవ్వండి.

ఏలూరు, తాడేపల్లిగూడెం మీదుగా పోయే 16వ నంబరు జాతీయ రహదారి ఎప్పుడూ రద్దీయే. కొల్లేరు చుట్టుపక్కల రోడ్లమీద చేపల లారీలు, ట్రాక్టర్లు, కూలీల ఆటోలు రాత్రింబవళ్లు తిరుగుతుంటాయి. 2021 డిసెంబరు 15న జంగారెడ్డిగూడెం దగ్గర ఆర్టీసీ బస్సు జల్లేరు వాగులో పడింది. 2024 సెప్టెంబరులో దేవరపల్లి మండలంలో జీడిపిక్కల మినీ లారీ బోల్తాపడి ఏడుగురు కూలీలు చనిపోయారు. ఇలాంటప్పుడు ప్రభుత్వం ప్రకటించే ఎక్స్‌గ్రేషియా వేరు, చట్టప్రకారం వచ్చే పరిహారం వేరు. మొదటిది అందిందని రెండోది వదులుకోకండి.

పోస్టుమార్టమ్ వద్దనకండి

"ఎలాగూ పోయాడు, ఇంకా కోయడమెందుకు?" అని చాలామంది బతిమాలతారు. ఆ బాధ మాకు తెలుసు. అయితే మరణం ప్రమాదం వల్లనే జరిగిందని చెప్పే గట్టి సాక్ష్యం ఆ రిపోర్టే. గాయపడిన మనిషి పది రోజులో, నెలో చికిత్స పొంది చనిపోయినా ఇదే మాట. డిశ్చార్జి చేయించి ఇంటికి తీసుకువెళ్లాక చనిపోతే వెంటనే పోలీసులకు తెలపండి.

దాచవలసిన కాగితాలు: ఎఫ్.ఐ.ఆర్., శవపంచనామా, పోస్టుమార్టమ్ రిపోర్టు, మరణ ధ్రువపత్రం, ఆసుపత్రి బిల్లులు, బండి నంబరు, దాని ఇన్సూరెన్సు వివరాలు, మృతుని వయసు, సంపాదన తెలిపే ఆధారాలు.

పరిహారం ఎలా లెక్కిస్తారు?

తప్పు అవతలి బండిదైతే దాని ఇన్సూరెన్సు కంపెనీ చెల్లించాలి. ఆర్టీసీ బస్సయితే సంస్థే చెల్లిస్తుంది. సుప్రీంకోర్టు 2009లోను, 2017లోను ఇచ్చిన తీర్పుల ప్రకారం లెక్క సాగుతుంది.

ఒక ఉదాహరణ చూడండి. చేపల చెరువు మీద పనిచేసే 38 ఏళ్ల మనిషి, నెలకు 15,000 రూపాయల సంపాదన అనుకుందాం. ఇంట్లో భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి. ఏడాదికి 1,80,000. ముందుముందు పెరగబోయే సంపాదన కింద 40 శాతం కలిపితే 2,52,000. అతని సొంత ఖర్చు కింద నాలుగోవంతు తీసేస్తే 1,89,000. ఆ వయసుకు గుణకం 15. మొత్తం 28,35,000 రూపాయలు. అంత్యక్రియలు మొదలైన పద్దుల సొమ్ము దీనికి అదనం. ఎల్.ఐ.సి. డబ్బు వచ్చిందని ఇందులో తగ్గించరు.

జీతం చీటీ లేదని దిగులుపడకండి. చెరువు యజమాని సాక్ష్యం, బ్యాంకు పుస్తకం, తోటి కూలీల మాట పనికివస్తాయి. ఇంటిపని చేసే ఇల్లాలు చనిపోయినా ఆమె పనికి విలువకట్టి పరిహారం ఇస్తారు.

తప్పు ఎవరిదో రుజువు చేయకుండానే 5 లక్షలు పొందే మార్గం కూడా చట్టంలో ఉంది. అయితే దానికి ఒప్పుకుంటే పూర్తి పరిహారం కోసం వేసిన కేసు ముగిసిపోతుంది. పై లెక్కతో పోల్చి చూసుకుని నిర్ణయించుకోండి.

లోడు బండి ఎక్కినవారి సంగతి

సరుకు బండిలో సరుకు యజమాని గాని, అతని మనిషి గాని వెళ్తే ఇన్సూరెన్సు వర్తిస్తుంది. బండి యజమాని పెట్టుకున్న కూలీల సంగతి పాలసీని బట్టి ఉంటుంది. ఛార్జీ ఇచ్చి ఎక్కినవారికి, దారిలో లిఫ్టు అడిగి ఎక్కినవారికి కంపెనీ బాధ్యత ఉండదు. అప్పుడు బండి యజమాని నుంచే రాబట్టుకోవాలి. కాబట్టి మీ మనిషి ఆ బండిలో ఏ పని మీద ఉన్నాడో పోలీసులకు మొదటే ఉన్నది ఉన్నట్లు చెప్పండి.

గుద్దిన బండి ఆగకుండా పోతే

బండి ఏదో తెలియకపోయినా 2022 ఏప్రిల్ 1 తర్వాత జరిగిన ప్రమాదాల్లో మరణానికి 2 లక్షలు, తీవ్ర గాయానికి 50,000 రూపాయలు ఇస్తారు. దరఖాస్తు రెవెన్యూ అధికారులకు ఇవ్వాలి. ఆర్డీవో కార్యాలయంలో అడగండి.

ఎక్కడ, ఎప్పటిలోగా?

ప్రమాదం జరిగిన చోటైనా, మీరు నివసించే చోటైనా మోటారు ప్రమాదాల ట్రిబ్యునల్లో దరఖాస్తు వేయవచ్చు. ఏలూరులో అయితే జిల్లా కోర్టులో విచారించండి. 2022 నుంచి చట్టం పెట్టిన గడువు ఆరు నెలలు. పెద్దకర్మ అయ్యాక చూద్దాం, పంట చేతికొచ్చాక చూద్దాం అని వాయిదా వేయకండి. గడువు దాటిపోయినా ఆశ వదులుకోక ముందు ఒక న్యాయవాదిని అడగండి.

సంతకం పెట్టే ముందు

"కేసు నేను చూసుకుంటాను, ఈ తెల్లకాగితం మీద సంతకం పెట్టమ్మా" అంటూ మార్చురీ దగ్గరకే వచ్చేవాళ్లు ఉంటారు. పెట్టవద్దు. ఊరి పెద్దల సమక్షంలో లక్షో రెండు లక్షలో ఇచ్చి కేసు లేకుండా చేసుకుందామనే బండి యజమానులూ ఉంటారు. పై లెక్క ఒకసారి గుర్తు తెచ్చుకోండి.

స్త్రీలకు, పిల్లలకు, షెడ్యూల్డు కులాల, తెగల వారికి ఆదాయంతో నిమిత్తం లేకుండా జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా న్యాయవాదిని ఇస్తుంది. ఫోను నంబరు 15100. లోక్ అదాలత్‌లో రాజీపడితే డబ్బు త్వరగా వస్తుంది. కాని ఆ తీర్పు మీద అప్పీలు లేదు. అంకె సరిపోతుందనుకుంటేనే ఒప్పుకోండి.

పరిహారంలో భార్యకు, పిల్లలకు, తల్లిదండ్రులకు ఎవరి వాటా వారికి కోర్టే నిర్ణయిస్తుంది. మైనరు పిల్లల వాటా సాధారణంగా బ్యాంకులో డిపాజిట్టు చేయిస్తుంది. అత్తవారు, పుట్టింటివారు దీనికోసం తగవులు పడనక్కరలేదు.

పోయిన మనిషికి డబ్బు వెల కాదు. అలాగని దాన్ని అడగడం సిగ్గుపడవలసిన పనీ కాదు. అతను బతికుంటే ఆ ఇంటికి తెచ్చిపెట్టేదే ఆ పిల్లలకు చేరుతుంది.