యంత్రముతో సాధన, మనుష్యులతో పోరు

సాధన లేనిదే ఏ విద్యయు నిలువదని మన పెద్దలు చెప్పుదురు. అయితే ఎవరితో సాధన చేయవలెను, ఎంతకాలము చేయవలెను అను ప్రశ్నలు అంత తేలికైనవి కావు. నేటి విద్యార్థులు సెలవు దినములలో మిక్కిలి మక్కువతో ఆడుచున్న ఒక కంప్యూటరు ఆటను గమనించినప్పుడు ఈ ప్రశ్నలు మాకు క్రొత్తగా తోచినవి. కళాశాల సంచికలో కంప్యూటరు ఆటల ప్రసక్తి ఏమని కొందరు అనుకొనవచ్చును. కాని ఈ ఆటలో సాధన జరుగు తీరును పరిశీలించినచో, అది మన తరగతి గదికి ఎంత దగ్గరగా నున్నదో బోధపడగలదు.

ముందుగా ఆట స్వరూపమును తెలిసికొందము. ఈ జాతి ఆటలలో ప్రసిద్ధమైనవి రెండు. లీగ్ ఆఫ్ లెజెండ్స్ అనునది 2009లోను, డోటా 2 అనునది 2013లోను వెలువడినవి. 2002లో వచ్చిన వార్‌క్రాఫ్ట్ 3 అను ఆటను తీసికొని, అభిమానులే దానిలో మార్పులు చేసి కల్పించిన డోటా అను ఆటయే ఈ రెండింటికిని మూలము. ఇందు జట్టుకు ఐదుగురు చొప్పున రెండు జట్లు తలపడును. ఆటగాండ్రు ఎవరి ఇండ్లలో వారుండి ఇంటర్నెట్టు ద్వారా ఒకే రణరంగమున కలిసికొందురు. ఒక్కొక్కరు ఒక్కొక్క వీరుని ఎన్నుకొందురు. రంగము నడుమ మూడు దారులుండును. దారుల వెంట బురుజులుండును. వీటినే మన పిల్లలు టవర్లందురు. డోటా 2లో ఒక్కొక్క పక్షమునకు 11 బురుజులు కలవు. ఎదుటి పక్షము బురుజులను కూల్చుకొనుచు పోయి, చివరనున్న వారి మూలస్థానమును ధ్వంసము చేసినవారిదే గెలుపు.

ఈ యుద్ధమునకు కావలసిన ధనమును ఆటగాడు యుద్ధములోనే సంపాదించుకొనవలెను. డోటా 2లో ప్రతి 30 సెకండ్లకు ఇరుపక్షముల నుండి బంట్లు గుంపుగా బయలుదేరి దారుల నడుమ పోరాడుకొనుచుండును. ఆ బంటుపై ఎన్ని దెబ్బలు వేసితిమని కాదు, ప్రాణము తీసిన చివరి దెబ్బ ఎవరిదైతే వారికే బంగారము దక్కును. ఆ దెబ్బ ఒక్క క్షణము ముందు పడినను ఫలము లేదు, ఒక్క క్షణము వెనుక పడినను లేదు. ఇది చేతికి పట్టువడవలెనన్న మాటిమాటికి అభ్యాసము చేయవలసినదే.

ఇట్టి అభ్యాసము కొరకే ఆటను నిర్మించినవారు యంత్ర ప్రత్యర్థులను సమకూర్చిరి. వీటిని బాట్లు అందురు. మనిషికి మారుగా కంప్యూటరే నడిపించు వీరులివి. డోటా 2లో వీటికి ఐదు స్థాయిలు గలవు. మొదటి స్థాయి బాట్లు మిక్కిలి సాధువులు. చివరి స్థాయికి ‘అన్యాయము’ అని అర్థము వచ్చు పేరే పెట్టిరి. ఆ స్థాయిలో బాట్లకు మనిషి కంటె ఎక్కువ ధనమును, అనుభవమును ఇచ్చుదురు. అనగా యంత్రమును మరింత తెలివిగల దానినిగా చేయుటకు బదులు మరింత ధనవంతునిగా చేసిరి. ఈ చిన్న విషయములోనే బాట్ల పరిమితి యంతయు కలదు.

బాట్ ఏ విధముగా ఆలోచించును? నిజమునకు అది ఆలోచించదు, లెక్కించును. దారిలో నిలిచి బంట్లను కొట్టుట, శత్రువుపై దాడి చేయుట, వెనుకకు తగ్గుట, బురుజును కూల్చుట, తన బురుజును కాపాడుకొనుట మొదలైన పనులు దాని ముందుండును. ఆయా క్షణమున ఒక్కొక్క పనిపై తనకెంత కోరిక కలదో అది సున్న మొదలు ఒకటి వరకుగల సంఖ్యలలో కొలుచుకొనును. ఏ కోరికకు పెద్ద సంఖ్య వచ్చునో ఆ పనికి పూనుకొనును. ప్రాణము తగ్గిన శత్రువు కంటబడినచో దాడి కోరిక పెరుగును. తన ప్రాణము తగ్గినచో పారిపోవు కోరిక పెరుగును. ఈ లెక్కలను లువా అను కంప్యూటరు భాషలో వ్రాయుదురు. ఔత్సాహికులు తామే క్రొత్త బాట్లను వ్రాసి ప్రయోగించుటకు కూడ ఏర్పాటు కలదు.

ఇట్టి ప్రత్యర్థి వలన ప్రయోజనము లేదని మేమనము. క్రొత్తగా నేర్చువానికి ఇంతకంటె ఓర్పుగల గురువు దొరకడు. చివరి దెబ్బ అభ్యాసము, వందకు పైగానున్న వీరులలో ఎవరి శక్తి ఏమిటను పరిచయము, ఏ ఆయుధమును ఎప్పుడు కొనవలెనను లెక్క, రంగము నలుమూలల ఎరుక, ఇవన్నియు బాట్లతో ఆడి నేర్చుకొనవచ్చును. నడుమ తల్లి భోజనమునకు పిలిచినచో ఆట విడిచి లేవవచ్చును. మనుష్యులతో ఆడునప్పుడు అట్లు లేచిపోయినచో తక్కిన నలుగురికి అన్యాయము చేసినవారమగుదుము. ఆట నియమముల ప్రకారము దానికి శిక్షయు కలదు.

కాని బాట్లతోడి సాధనకు ఒక హద్దు కలదు. కొన్నాళ్లు ఆడినవాడు ఆటను నేర్చుకొనుట మాని, బాట్ అలవాట్లను నేర్చుకొన నారంభించును. ఏ దూరమున నిలిచినచో అది దాడికి వచ్చునో, ఏ విధముగా ఆశ చూపినచో బురుజు క్రిందికి వచ్చి చచ్చునో అతనికి కంఠస్థమగును. ఈ జ్ఞానము మనుష్యుల ముందు ఒక్క దినమైనను నిలువదు. ఈ ఆటలో మన పక్షము చూపు సోకని చోటంతయు చీకటి. శత్రువు దారిలో కనబడకపోయినచో ఎక్కడికి పోయెనో ఊహించుకొనవలెను. అడవిలో పొంచియున్నాడా, పొరుగు దారిలోని మిత్రునిపైకి పోయినాడా, లేక మనలను భయపెట్టుటకే కనుమరుగయ్యెనా? మనిషి మోసగించును, భయపడినట్లు నటించును, ఒకసారి చేసిన తప్పును మరల చేయడు. వీటికి తోడు పక్కనున్న నలుగురితో మాట కలిపి నడువవలసిన పని యొకటి. ఆ పాఠము బాట్ చెప్పజాలదు.

ఈ మాట మనుష్యులకే కాదు, యంత్రములకును వర్తించుననుటకు ఒక చక్కని నిదర్శనము కలదు. అమెరికాలోని ఓపెన్ఏఐ సంస్థవారు డోటా 2 ఆడుటకు వేరొక జాతి యంత్రమును తయారుచేసిరి. దానికి కోరికల లెక్కలను ఎవరును వ్రాసి ఇయ్యలేదు. అది తనతో తానే ఆడుకొని నేర్చుకొనెను. 2017 ఆగస్టులో సియాటిల్ నగరమున జరిగిన ప్రపంచ స్థాయి పోటీల వేదికపై అది ఉక్రెయిన్ దేశపు ప్రసిద్ధ ఆటగాడు డెండీని ఒంటరి పోరులో ఓడించెను. పిమ్మట ఆ వేదిక వద్దకు వచ్చినవారిని దానితో ఆడనిచ్చిరి. అప్పుడు వింత జరిగెను. నిపుణుని ఓడించిన యంత్రము, విపరీతమైన ఎత్తుగడలు వేసిన కొందరి చేతిలో ఓడిపోయెను. వారు దారి వెంట నడువవలసిన బంట్లను తమ వెంట త్రిప్పుకొని పోయిరి. అట్టి ఆట అది మున్నెన్నడును చూచి యుండలేదు.

ఆ సంస్థవారు పిమ్మట ఐదుగురు వీరులను నడుపు యంత్రమును నిర్మించిరి. శిక్షణలో ఆ యంత్రము నూటికి 80 ఆటలు నేటి తనతోను, తక్కిన 20 ఆటలు తన పాత రూపములతోను ఆడెను. ఒకే ప్రత్యర్థితో ఆడినచో ఆ ఒక్కని అలవాట్లకే బుద్ధి బిగిసికొనిపోవునని ఈ ఏర్పాటు చేసిరి. 2018లో వాంకూవర్ నగరమున అది మేటి జట్ల చేతిలో ఓడెను. సుమారు పది నెలల కాలములో 45,000 సంవత్సరముల ఆటకు సమానమైన సాధన చేసిన పిదప, 2019 ఏప్రిల్‌లో నాటి ప్రపంచ విజేతలైన ఓజీ జట్టును రెండు ఆటలలోను ఓడించెను. అయితే ఆ పోటీకి 17 మంది వీరులను మాత్రమే అనుమతించిరి. ఆ నెలలోనే కొన్ని దినములపాటు ప్రజలందరిని దానితో ఆడనిచ్చిరి. ఏడు వేలకు పైగా జరిగిన ఆటలలో అది నూటికి 99.4 వంతులు గెలిచెను. అయినను దానిని ఓడించిన జట్లు కూడ కొన్ని యుండెను. వేల సంవత్సరముల సాధన చేసిన యంత్రమునకే పరాయివాని చేతి దెబ్బ తగిలినపుడు, పది దినములు బాట్లతో ఆడిన మన విద్యార్థి సంగతి వేరుగా చెప్పవలెనా?

ఈ సూత్రము మన హైదరాబాదు పాతబస్తీ తాలీంఖానాలకు క్రొత్తది కాదు. అచ్చట పహిల్వాను కుఱ్ఱవాడు ఉదయముననే లేచి దండీలు, బైఠకీలు తీయును, ముద్గరములు త్రిప్పును. ముద్గరము వలన భుజమునకు బలము వచ్చును. కాని ముద్గరము కాలు మెలిపెట్టి పడవేయదు. అందుచేతనే ఉస్తాదు ఆ కుఱ్ఱవానిని మట్టిలోనికి దించి, సాటివానితో జోరు పట్టించును. బాట్ అనునది ముద్గరము వంటిది. మనుష్యులతోడి ఆట మట్టిలోని జోరు వంటిది. ఒకటి రెండవదానికి సిద్ధపరచును, దానికి బదులు కాజాలదు.

ఈ విషయమంతయు మాకు తెలిసినది మా విద్యార్థి యొకని వలన. అతడు ఉర్దూ మాధ్యమమున చదివి మా కళాశాలకు వచ్చినవాడు, మితభాషి. వసతిగృహములో ఒక సాయంకాలము అతడు డోటా ఆడుచుండగా మేము వెనుక నిలిచి చూచితిమి. చేతివేగము అద్భుతము. కష్టమైన స్థాయి బాట్లను అవలీలగా ఓడించుచుండెను. “ఇంత బాగా ఆడుచున్నావు, తోటివారితో ఎందుకు ఆడవు?” అని అడిగితిమి. కొంతసేపు మాటలాడక, “ఒకసారి ఆడాను సార్. ఓడిపోయాము. మా జట్టువాళ్లే నానా మాటలూ అన్నారు. కంప్యూటరు తిట్టదు కదా సార్!” అనెను.

ఆ మాట మమ్ములను చాలదూరము వెనుకకు తీసికొనిపోయెను. మేము తెలుగు ఎం.ఏ.లో చేరిన క్రొత్తలో, ఒక సమావేశమున వ్యాసము చదువుచుండగా మా ఉచ్చారణను విని వెనుక వరుసలో కొందరు నవ్విరి. అప్పటి నుండి మేము గది తలుపు మూసికొని ఒంటరిగా చదువుకొనుట అలవాటు చేసికొంటిమి. గోడ ఎన్నడును నవ్వలేదు. ఆ సాధన వలన నాలుక తిరిగినది, నిజమే. కాని భయము తీరలేదు. ఒక సహాధ్యాయి మా గదికి వచ్చి, దినమును అరగంట కూర్చుండి, తప్పు వచ్చినచోట ఆపి, నవ్వక దిద్దెను. మా భయము తీరినది గోడ వలన కాదు, అతని వలన.

అందుచేత ఆ విద్యార్థితో “పోయి మనుష్యులతో ఆడుము” అని చెప్పుటకు మాకు నోరు రాలేదు. ఊరక నీటిలోనికి త్రోసినంత మాత్రమున ఈత రాదు. గోడకును, నవ్వు సభకును నడుమ ఒక మెట్టు కావలెను. ఆ మెట్టు ఈ ఆటలోనే కలదు. పరిచితులు ఐదుగురు ఒక జట్టుగా చేరి ఎదుటి పక్షమున బాట్లను నిలుపుకొనవచ్చును. అప్పుడు ఓటమి భయము తక్కువ, కలిసి మాటలాడుకొను అభ్యాసము ఎక్కువ. పిమ్మట పదిమంది మిత్రులు తమలో తామే రెండు జట్లుగా విడిపోయి, బయటివారు లేని పోటీ ఏర్పాటు చేసికొనవచ్చును. ఆ తరువాతనే అపరిచితుల రంగమునకు పోవలెను. వసతిగృహ విద్యార్థులు ఆదివారములలో ఈ క్రమమును పాటించిరి. ఒకే ఒక నియమము పెట్టుకొనిరి. ఆట ముగిసిన పిదప తప్పును గురించి మాటలాడవచ్చును, తప్పు చేసినవానిని గురించి మాటలాడరాదు.

ఆ విద్యార్థి ఇప్పుడును తరచు ఓడుచున్నాడు. కాని ఓడిన పిమ్మట కంప్యూటరు మూసివేయక, ఎక్కడ తప్పినదో మిత్రులతో చర్చించుచున్నాడు. మొన్న తరగతిలో మేము అడుగకయే లేచి, ఒక పద్యమునకు తన తెలుగులో తాత్పర్యము చెప్పెను. రెండుచోట్ల తడబడెను. ఎవరును నవ్వలేదు.

విద్యార్థి మిత్రులారా! 2022లో బర్మింగ్‌హామ్ నగరమున జరిగిన కామన్వెల్త్ ఈ-స్పోర్ట్స్ పోటీలలో భారత జట్టు డోటా 2 ఆటలో కాంస్య పతకము గెలుచుకొనెను. కావున ఇది కేవలము కాలక్షేపమనియు అనలేము. అయితే ఒక్కొక్క ఆటకు అరగంటకు మించి కాలము పట్టును గనుక చదువును మరచి ఆడుట తగదు. ఆడునప్పుడు మాత్రము ఈ సంగతి మరువకుడు. మాదిరి ప్రశ్నలు, గైడు పుస్తకములు, అద్దము ముందటి ఉపన్యాసములు, ఇవన్నియు బాట్ల వంటివే. చేతిని సిద్ధపరచుకొనుటకు వాటిని వాడుకొనుడు, వాటి చాటున దాగికొనకుడు. మీ పక్కవాడు అట్లు దాగియున్నచో, ఓడినపుడు నవ్వక దిద్దు మిత్రుడు అతనికి మీరే కండు.