చీమల పచ్చడి చిన్నచూపు చూడదగినదా?



"వాళ్లు చీమలు తింటారట!" అని కొండ ప్రాంతాలవారిని గూర్చి నవ్వుకొనే మాటలు సంఘములలో మేము వింటూనే ఉంటాము. వారు ఏమి తింటారో, ఎందుకు తింటారో తెలిసికొనకుండ నవ్వుట న్యాయమా?

ఒడిశాలోని మయూర్‌భంజ్ జిల్లాలో సిమిలిపాల్ అడవులున్నవి. చెట్ల ఆకులను కుట్టినట్లు అతికించి గూళ్లు కట్టుకొనే ఎర్ర చీమలను అక్కడివారు 'కాయి' అంటారు. ఆదివాసులు ఆ గూళ్లను దించి వెంటనే నీళ్లలో ముంచుతారు. చీమలను, వాటి గ్రుడ్లను ఆకులనుండి వేరుచేసి, ఉప్పు, అల్లము, వెల్లుల్లి, మిరపకాయలు చేర్చి నూరుతారు. చీమలలోని ఆమ్లమువలన చింతపండు లేకుండగనే పచ్చడి పుల్లగా ఉంటుంది. మాంసము తరచుగా కొనలేని ఇంటికి ఇది మాంసకృత్తులనిస్తుంది. సంతలో చీమలను అమ్మితే నాలుగు డబ్బులు చేతికి వస్తాయి. ఈ పచ్చడికి 2024 జనవరిలో భౌగోళిక గుర్తింపు లభించినది. ఛత్తీస్‌గఢ్‌లోని బస్తరు ఆదివాసులు కూడ ఇటువంటి పచ్చడినే తింటారు.

ఇది ఒక మూలనున్న వింత ఆచారము కాదు. ప్రపంచములో సుమారు 200 కోట్లమంది ఆహారములో పురుగులకు చోటున్నదని, 1,900కు పైగా జాతులను తింటారని ఐక్యరాజ్యసమితి ఆహార వ్యవసాయ సంస్థ 2013లో తెలిపినది.

అంత దూరమెందుకు? తొలకరి వానకు ఉసిళ్లు లేవగానే దీపము క్రింద నీళ్ల పళ్లెము పెట్టి పట్టుకొని, రెక్కలు చెరిగి, వేయించుకొని తిన్న పెద్దలు మన పల్లెలలో లేరా? బాప్తిస్మమిచ్చు యోహాను అరణ్యములో మిడతలు, అడవి తేనె తిని బ్రదికెను (మత్తయి 3:4). కొన్ని జాతుల మిడతలను తినవచ్చునని ధర్మశాస్త్రమే ఇశ్రాయేలీయులకు సెలవిచ్చినది (లేవీయకాండము 11:22).

ఒక జాగ్రత్త మాత్రము చెప్పవలెను. రొయ్యలు పడనివారికి పురుగులు కూడ పడకపోవచ్చును. పురుగుమందు చల్లిన చోట పట్టినవి తినరాదు.

తినుమని మేమెవరిని బలవంతపెట్టము. తిననివాడు తినేవానికి తీర్పు తీర్చకూడదని పౌలు రోమా సంఘమునకు నేర్పెను (రోమా 14). సండేస్కూలులో తోటిపిల్లలు వెక్కిరిస్తే, కొండనుండి వచ్చిన బిడ్డ తన తల్లి చేతి వంటను గూర్చి సిగ్గుపడుట నేర్చుకొంటుంది. తరువాత ఆ తల్లిని గూర్చియే సిగ్గుపడుతుంది. కాబట్టి ఈ సంగతి నేడే భోజనమునొద్ద మీ పిల్లలకు చెప్పండి.